కన్యాదాత వాంగ్మూలం

ఆలయ నివాసాల వీధి,
ప్రహరీ పక్క ఇల్లు.

చిరంజీవిని చెల్లెలికి అన్న ఆశీస్సులు.

ఈ ఉదయం ఆలయ మండపంలో అందరినీ నిలబెట్టి నియామక ప్రకటన చదివించారు. ఆ సందర్భమేమిటో, దాని అర్థమేమిటో నీకు నా చేతి రాతతోనే తెలియాలని ఈ ఉత్తరం. ఇంతకాలం ఇక్కడ తండ్రి కూర్చున్న పీట మీద కొడుకు కూర్చోవడమే కొలువుకు అర్హత. నేటి నుంచి అది చెల్లదు. వేదపారాయణ ఉద్యోగం కోరేవాడు పరీక్షకు నిలవాలి. పరీక్షకులకూ అభ్యర్థికీ మధ్య తెర కడతారు. పేరుండదు, అంకె ఉంటుంది. ముఖముండదు, గొంతు ఉంటుంది. దేవుడి చెవికి చేరేది స్వరమే కాని వంశం కాదని ఇన్ని తరాల తర్వాత ఒక సంస్థ తలవంచి ఒప్పుకున్న దినమిది. దీన్ని నేను ఉత్సవమనను, ప్రాయశ్చిత్తమంటాను.

ముగ్గురు పరీక్షకుల మండలికి నన్ను అధ్యక్షుణ్ణి చేశారు. ఆస్థాన పండిత బిరుదు ఇచ్చిననాడు కూడా నాకింత సంతోషం కలగలేదు.

అయితే తలుపు తెరిచాం కదా అని గడప కూడా పీకేయలేం. అభ్యర్థి తల్లి వంశం, తండ్రి వంశం రెండూ సంప్రదాయంలో ఎరిగినవై ఉండాలన్న నిబంధనను నేనే పట్టుబట్టి రాయించాను. ఎవరో ఒకరు కాపలా ఉండాలి.

నీ కొడుకు దరఖాస్తు పెట్టాడని కార్యాలయంలో విన్నాను. ఏళ్ళ తరబడి బయటి మండపంలో దినభత్యం మీద పారాయణ చేస్తున్నవాడు, వయోపరిమితి దాటేలోగా ఇదొక్కటే అవకాశం మిగిలినవాడు, పెట్టకుండా ఎలా ఉంటాడు? పెట్టనీ. వాడికి చదువు చెప్పింది నేనే గనుక నా నుంచి ఏదో జారిపడుతుందని మాత్రం ఆశపడకు. తెర కట్టిన క్షణం నుంచి వాడు నాకు ఒక అంకె.

ఆరోగ్యం జాగ్రత్త.

నీ అన్న.


కోర్టు ఎదుటి సందు,
వకీలుగారి మేడ కింది గది.

పూజ్యుడైన అన్నయ్యకు చెల్లెలి నమస్కారాలు.

నీ ఉత్తరం చదివి ముందు నవ్వాను, తర్వాత భయపడ్డాను. పుట్టుక చూడబోమని తెర కట్టావు. పుట్టుక చూసి తీరాలని నిబంధన రాయించావు. చిన్నప్పుడు దాగుడుమూతల్లోనూ ఇంతే. కళ్ళు గట్టిగా మూసుకున్నానని ఒట్టు వేసి, వేళ్ళ సందుల్లోంచి నన్ను కనిపెట్టేవాడివి. అడిగితే "నేను చూడలేదు, నువ్వే కనబడ్డావు" అనేవాడివి.

నేను రోజంతా ఊరి జనం ప్రమాణాలను టైపు చేసే మనిషిని. కాగితం ఎంత తేలికో, దాని మీద పడిన సంతకం ఎంత బరువో ఈ బల్ల దగ్గర నాకు తెలిసినంతగా నీ గ్రంథాల్లో నీకు తెలియదు. అందుకని నిన్నొకటి అడుగుతున్నాను. ఈ ఒక్క పరీక్షకు నువ్వు తప్పుకో.

ఇది నా మాట కాదు, మా వకీలుగారి మాట. నిన్న టీ తాగుతూ అన్నారు: "ఏమ్మా, పరీక్ష చేసేది మీ అన్నగారు, పాసవ్వాల్సింది మీవాడు. రేపు ఓడినవాడు నోరు మూసుకుని ఇంటికి పోతాడా?"

"మధ్యలో తెర ఉందండీ."

"తెర గుడ్డది కదమ్మా. కోర్టు గుడ్డని బోనెక్కించి అడగదు, మనుషుల్ని అడుగుతుంది."

వెంటనే అబ్బాయికి ఫోను చేశాను. "మామయ్యను తప్పుకోమని రాస్తానురా" అంటే వాడు ఒప్పుకోలేదు. "వద్దమ్మా. ఆయన వినకుండా నేను గెలిస్తే అది గెలుపులా ఉండదు. ఒక్కసారైనా నేను మొత్తం చదవగా ఆయన వినాలి. పాఠం చెప్పినన్నాళ్ళూ తప్పు దగ్గర ఆపడమే కాని, బాగున్న చోట బాగుందన్నది లేదు."

వెనక నుంచి కోడలి గొంతు: "నాకలాంటి కొరతేం లేదత్తయ్యా. ఎవరు విన్నా సరే, జీతం నెలనెలా వస్తే చాలు." నెల తప్పిందన్న సంగతి ఆ తర్వాత, గొంతు తగ్గించి చెప్పింది.

వాడు వద్దన్నాడు, నేను మాత్రం రాస్తున్నాను. తప్పుకో అన్నయ్యా. తప్పుకుంటే నీ పెద్దరికానికి వచ్చిన లోటేమీ లేదు.

నీ చెల్లెలు.


ఆలయ నివాసాల వీధి.

చిరంజీవిని చెల్లెలికి ఆశీస్సులు.

తప్పుకోలేదు. పరీక్ష ముగిసింది. నీకు వేరెవరో చెప్పేలోగా నేనే చెబుతాను.

తెర అవతల గొంతులు ఒకటొకటిగా వచ్చి వెళ్ళాయి. ఒకడి గొంతు గోడలు అదిరేలా ఉంది. ఇక్కడివాళ్ళు వాణ్ణి 'ఉరుము' అంటారు. ఉరిమాడు కాని ప్రతి వాక్యం చివరా స్వరం నేల మీద పడేశాడు. వాడి తర్వాత వచ్చిన గొంతు రెండు పదాలు పలకగానే ఎవరిదో తెలిసింది. నేను చెక్కిన గొంతు నాకు తెలియదా?

తెలిసింది కనుకనే ఏం చేశానో విను. మిగిలినవారిని ఒక అధ్యాయం చదవమన్నాను. వాణ్ణి వరసగా మూడు. మధ్యలో ఆపి వెనుక నుంచి ముందుకు రమ్మన్నాను. వచ్చాడు. పదాలను జంటలుగా తిప్పి చదవమన్నాను. తిప్పాడు. గొంతు ఎండి నీళ్ళడిగాడు. ఇవ్వవద్దని సైగ చేశాను. నా పక్కనున్న పరీక్షకుడు చెవిలో అన్నాడు: "పండితులవారూ, ఇది పరీక్షా, పగా?" రెండూ కాదు, నా నిష్పాక్షికత అన్నాను. చివరికి గొంతు చీలిపోయింది. స్వరం మాత్రం చెదరలేదు.

ముగ్గురిలోకీ తక్కువ మార్కులు వేసింది నేను. అయినా మొదటి స్థానం వాడిదే. ఉరుము రెండవవాడు.

ఇంకొక మాట. పరీక్షకు ముందు అధికారి ఒక కాగితం తెచ్చి 'అభ్యర్థులలో నా బంధువులెవరూ లేరు' అన్నచోట సంతకం చేయమన్నాడు. చేశాను. నిన్ను ఏనాడో మరొక ఇంటికి ధారపోశాం. నీ కొడుకు ఆ ఇంటి గోత్రం వాడు, నాకు జ్ఞాతి కాడు. పైగా మధ్యన తెర. ఇన్ని అడ్డాలుండగా బంధుత్వమెక్కడిది?

వాడికి చెప్పు, బాగా చదివాడని. నేనన్నానని చెప్పకు.

నీ అన్న.


కోర్టు ఎదుటి సందు.

అన్నయ్యకు నమస్కారాలు.

నువ్వన్నావనే చెప్పాను. వాడు ఫోనులో ఆ మాట మరోసారి చెప్పమన్నాడు. నీళ్ళివ్వనివ్వని సంగతి మాత్రం వాడు నాకు చెప్పలేదు. నువ్వే గొప్పగా రాశావు. నీకు ఏది గర్వమో, ఏది కాదో ఈ వయసులో నేనేం నేర్పగలను!

ఇప్పుడు అసలు సంగతి. ఉరుము కోర్టుకు వెళ్ళాడు. అధ్యక్షుడు అభ్యర్థికి స్వయానా మేనమామ, బంధువులు లేరని తప్పుడు సంతకం పెట్టాడు, కనుక నియామకం కొట్టేయాలని దావా. స్టే ఇచ్చారు. అబ్బాయి నియామకపత్రం చేతిలో ఉంది, పీట మీద కూర్చునే వీలు లేదు. పాత దినభత్యం పనీ ఆగిపోయింది. వాడు ఉదయం లేచి స్నానం చేసి, ఎక్కడికి వెళ్ళాలో తెలియక మళ్ళీ మంచం మీదే కూర్చుంటున్నాడని కోడలు చెబుతోంది.

వకీలుగారు కేసు తీసుకున్నారు. ఆయన లెక్క తేలికైనదే: "మీ అన్నగారు వచ్చి ఉన్నది ఉన్నట్టు చెప్పమనండి. అవును, నా చెల్లెలి కొడుకే. గొంతు గుర్తుపట్టాను. అందుకే మిగతావాళ్ళకంటే కష్టంగా పరీక్షించాను. తక్కువ మార్కులు వేశాను. పక్కనున్న ఇద్దరు పరీక్షకులూ సాక్షులు. ఆయన మార్కులు తీసేసినా మీవాడే ఫస్టు. ఇంకేం కావాలి?"

"సంతకం సంగతి?"

"అది ఆయనకు దెబ్బే. తెలియక పెట్టానని క్షమాపణ చెప్పుకోవాలి. అధ్యక్ష పదవి పోతుంది, బిరుదు కూడా పోవచ్చు. మీవాడి ఉద్యోగం ఉంటుంది."

ఇంతే అన్నయ్యా. నీ బిరుదొకవైపు, వాడి బతుకొకవైపు. నేనడుగుతున్నది అబద్ధం కాదు, నిజమే. నిజం చెప్పమని నిన్ను బతిమాలవలసి వస్తుందని నేనెన్నడూ అనుకోలేదు.

నీ చెల్లెలు.


ఆలయ నివాసాల వీధి.

చెల్లెలికి.

క్షమాపణ అన్న మాట నీ వకీలు నోట ఎంత సులువుగా వచ్చిందో! పుట్టినది మొదలు ఒక్క అక్షరం తప్పు పలకని నోటితో, కోర్టు బోనులో నిలబడి, "తెలియక సంతకం చేశాను" అనాలా? తెలిసే చేశాను. శాస్త్రం తెలిసి చేశాను. తండ్రిగారు లేని లోటు తీర్చి, నా చేతులతో నీళ్ళు వదిలి నిన్ను దానమిచ్చాను. దానమిచ్చిన వస్తువు మీద దాతకు హక్కు లేదు. హక్కు లేనిచోట బంధుత్వమూ లేదు. కోర్టులో ఇదే చెబుతానన్నాను.

ఆలయ అధికారి తల పట్టుకున్నాడు. "పండితులవారూ, ఆవిడ మీ చెల్లెలని నాకూ తెలుసు, మీకూ తెలుసు. ఇన్నాళ్ళూ ఈ కాగితానికి తెలియదు, అంతే! ఇప్పుడు దానికీ తెలిసింది."

ఆలయ వకీలు ఇంకా మొరటువాడు. "చూడండి సార్, గోత్రం మారితే చెల్లెలు చెల్లెలు కాకుండా పోతుందని చెబితే జడ్జిగారు లేచి నిలబడి నవ్వుతారు. ఆవిడ పెళ్ళి మాట వదిలెయ్యండి. పుట్టుక దగ్గర ఏమైనా దారి ఉందా? పెంచుకున్న పిల్లా, ఇంకోటా? అలాంటిదేదైనా ఉంటే చెప్పండి, మీ సంతకం నిలబడుతుంది, కుర్రాడి ఉద్యోగమూ నిలబడుతుంది."

నేను ఆలోచిస్తానన్నాను. నీవు కంగారుపడి నాకు నీతులు రాయవద్దు. ఇద్దరి గౌరవమూ నిలిచే మార్గమొకటి కనబడుతున్నది.

నీ అన్న.


కోర్టు ఎదుటి సందు.

ఆలయ పరీక్షక మండలి అధ్యక్షులవారి సన్నిధికి, నిన్నటి వరకు తమ చెల్లెలుగా చలామణి అయిన టైపిస్టు వ్రాసుకొను విన్నపం.

తమ అఫిడవిట్ అందినది. కోర్టు నుంచి నకలు వకీలుగారి కార్యాలయానికి వచ్చినది. కేసు ఫైలుకు మరి మూడు ప్రతులు కావలసి నా బల్ల మీదికి చేరినది. వకీలుగారు మొదటి పేజీ చూసి కళ్ళద్దాలు తీశారు. "నువ్వు లేమ్మా. దీన్ని నేనే ఎలాగో కొట్టుకుంటాను."

"మీరు కొడితే తప్పులు పడతాయండీ" అన్నాను. నేనే కొట్టాను.

'సదరు స్త్రీ నాకు తోబుట్టువు కాదు. తల్లిదండ్రులెవరో తెలియని పసికందును మా తండ్రిగారు దయతో ఇంటికి తెచ్చి పెంచారు. లోకం ఆమెను నా చెల్లెలనుకున్నది. నేను వారించలేదు.' తమ వాక్యాలు ఎప్పటిలాగే చక్కగా ఉన్నవి. కొట్టివేతలు లేవు. 'నేను వారించలేదు' అన్నచోట తమ ఔదార్యం చూసి ఆ లైను రెండుసార్లు సరిచూసుకున్నాను. మా అమ్మ నన్ను కని, ఆ జ్వరంలోనే కన్నుమూసింది. ఆమె చావును కూడా తమరు ఒక్క వాక్యంతో రద్దు చేశారు. నా కోసం చనిపోయిన మనిషి నా కోసం చనిపోలేదట!

తమరు కట్టిన వంతెన మీద మా వాడు ఎంత దూరం నడిచాడో కూడా విన్నవించుకుంటాను. అఫిడవిట్ చదవడం అయీ కాకముందే ఉరుము తరఫు వకీలు లేచాడు. "బాగుంది మైలార్డ్. మేనల్లుడు కాదంటున్నారు, ఒప్పుకుంటాం. అయితే అభ్యర్థి తల్లి ఎవరి బిడ్డో ఎవరికీ తెలియదు. తల్లి వంశం తెలిసి ఉండాలని ప్రకటనలో నిబంధన ఉంది. అంచేత ఇతను పరీక్షకే అర్హుడు కాడు. ఆ నిబంధన రాయించింది కూడా ఈ పండితులవారేనట!"

హాలంతా నవ్వింది. తమ వకీలు కూడా నవ్వు ఆపుకోలేకపోయాడు.

బయట వసారాలో ఉరుము మా వాణ్ణి ఆపాడు. ఆ గొంతు సంగతి తమకు తెలుసు కదా, వీధి చివరికి కూడా వినబడింది: "ఏమయ్యా ఫస్టు ర్యాంకూ! ఇక తర్పణం వదిలేటప్పుడు అమ్మ వైపు తాత పేరు ఏమని చెబుతావు? ఖాళీ వదిలేస్తావా?"

మా వాడు వసారా మెట్లు దిగిపోయాడు. వాళ్ళింటికి చేరేదాకా నా ముఖంలోకి చూడలేదు. చూస్తే ఎవరి పోలికలు వెతుక్కోవాలో వాడికి తెలియలేదేమో.

చిత్తగించవలెను.

తమ టైపిస్టు.


ఆలయ నివాసాల వీధి.

మా ఇంట పెరిగిన అమ్మాయికి ఆశీస్సులు.

సంబోధన చూసి కోపగించకు. వ్యాజ్యం తేలేవరకు నా కలం కూడా ఒకే మాట మీద ఉండాలి.

నిబంధన సంగతి ఆ క్షణాన గుర్తు రాలేదు. ఇంత వాఙ్మయం కంఠాన ఉన్నవాడికి తాను రాయించిన ఒక్క వాక్యం గుర్తులేదని లోకం నవ్వుతున్నది. నవ్వనీ. నేను వాడి కొలువు నిలబెడుతున్నాననే అనుకున్నాను. జారిన మాటను ఇప్పుడు వెనక్కి తీసుకోలేను. తీసుకుంటే ప్రమాణం చేసి అబద్ధమాడినవాణ్ణవుతాను. దానికి జైలు.

కనుక ఒక దారి కుదిర్చాను. అధికారి, ఉరుము, వాళ్ళిద్దరి వకీళ్ళూ ఒప్పుకున్నారు. నా అఫిడవిట్‌కు మీవైపు నుంచి అడ్డు చెప్పవద్దు. పీట ఉరుముకు పోతుంది. నీ కొడుక్కి బయటి మండపంలో పారాయణ పని తిరిగి ఇస్తారు, ఇకమీదట ఎవరూ తీసేయకుండా కాగితం రాసి ఇస్తారు. పీట కాదు, నిజమే. అయినా ఇంట్లో పొయ్యి వెలుగుతుంది. పుట్టబోయే బిడ్డను తలచుకో.

నీకు పోయేదేముంది? ఈ వయసులో తండ్రి ఎవరైతే నీకేమి? నిన్నెవరు పెళ్ళి సంబంధం అడగబోతారు? నాకు భార్య పోయింది, బిడ్డలు లేరు, ఉన్నది ఒక్క పేరు. ఏది నిజమో మనిద్దరికీ తెలుసు. ఆ తెలియడం మన మధ్యనే ఉండనీ. అది చాలదా?

ఈ ఉత్తరం చించివేయి.

ఇట్లు,
శ్రేయోభిలాషి.


కోర్టు ఎదుటి సందు.

అయ్యా,

తమ ఉత్తరం అందినది. వచ్చే వాయిదాకు తమరు స్వయంగా హాజరు కావాలని న్యాయమూర్తి ఆదేశించారు. దయచేసి రావలెను. మా వకీలుగారు తమ అఫిడవిట్ గురించి గుచ్చి గుచ్చి అడగరు. ఒక్క విషయం చెప్పమంటారు. అది తమకు బాగా కంఠస్థమైనదే. వృద్ధాప్యంలో తమకు శ్రమ కలగకూడదని నేనే ఎంచి ఇచ్చాను.

టైపిస్టు.


సత్రం గది,
కిటికీ లేనిది.

చెల్లెలికి.

నిన్న బోనులో ఉన్నది నేనే గనుక ఏం జరిగిందో నీకు చెప్పనక్కరలేదు. నువ్వు మూడో వరుసలో కూర్చుని చూశావు. కాని బోను లోపలి నుంచి ఎలా ఉంటుందో నీకు తెలియదు. అది రాస్తాను.

నీ వకీలు ఎంతో మర్యాదగా అడిగాడు. "పండితులవారూ, ఈ అమ్మ పెళ్ళి ఎవరు జరిపించారండీ?"

"నేనే."

"కన్యాదానమప్పుడు దాత ఏదో చెబుతాడు కదండీ, పిల్ల ఎవరు, ఎవరి మనుమరాలు అని. ఆ రోజు మీరు చెప్పింది మాకోసారి వినిపించండి."

ఆలయ వకీలు "ఇది అనవసరం" అని లేచాడు. న్యాయమూర్తి చెయ్యి ఊపాడు. "కానివ్వండి. మా అమ్మాయి పెళ్ళిలో నేనూ చెప్పాను. ఏం చెప్పానో నాకే తెలియదు."

మొదలుపెట్టాను. గోత్రం చెప్పాను. ఫలానావారి మునిమనుమరాలిని అన్నాను. ఫలానావారి మనుమరాలిని అన్నాను. ఇక తండ్రి పేరు రావాలి. అక్కడ ఆగితే చాలు. దగ్గితే చాలు. ముసలితనం, మరిచానంటే కోర్టంతా నమ్మేది. నోరు ఆగలేదు. మన తండ్రి పేరు చెప్పి, ఆయన కూతురైన ఈ కన్యను అని, నీ పేరు చెప్పాను. ఒక్క స్వరం జారలేదు. దాత ఆ మాట మూడుసార్లు చెప్పాలి గనుక మూడుసార్లు చెప్పాను. రెండోసారి ఎవరూ అడగలేదు. మూడోసారి కూడా ఎవరూ ఆపలేదు. నా గొంతు నాకే వినబడుతోంది. ఏమి చక్కగా చదువుతున్నానో అనుకున్నాను కూడా!

"అయ్యా" అన్నాడు నీ వకీలు, "ఆ రోజు అగ్ని ముందు చెప్పింది అబద్ధమా, ఈ అఫిడవిట్‌లో రాసింది అబద్ధమా?"

"మంత్రం అబద్ధం కాదు" అన్నాను.

నా మీద కేసు పెట్టమని అక్కడికక్కడే ఉత్తరువైంది. సాయంత్రానికి బిరుదు తీసేశారు. ఉదయానికి ఇల్లు ఖాళీ చేయమన్నారు. అధ్యక్షుడు అబద్ధీకుడు గనుక మొత్తం పరీక్ష రద్దు. కొత్త ప్రకటన వచ్చేనాటికి నీ కొడుకు వయసు దాటిపోతుంది. అది సడలించడం మా పని కాదన్నాడు న్యాయమూర్తి. రాజీ చెడింది గనుక బయటి మండపమూ లేదు.

మెట్లు దిగుతుంటే ఆలయ వకీలు నాతో అన్నాడు: "ఆ ప్రశ్న అడిగితే మీతో పాటు కుర్రాడు కూడా మునుగుతాడని వాళ్ళ వకీలు ఆవిడకు ముందే చెప్పాడు సార్. నేను పక్కనే ఉన్నాను."

నీకు తెలుసా, తెలియదా? ఆ ఒక్కటీ రాయి. ఇంకేమీ అక్కరలేదు.

నీ అన్న.


కోర్టు ఎదుటి సందు.

నా తోడబుట్టిన అన్నయ్యకు.

తెలుసు.

వకీలుగారు రెండుసార్లు చెప్పారు. "అమ్మా, ఊరుకుంటే అబ్బాయికి మండపమైనా ఉంటుంది. అడిగితే మీకు అన్నగారు దక్కుతారు, అబ్బాయికి ఏమీ దక్కదు." అడగండి అన్నాను. నువ్వు చించివేయమన్న ఉత్తరం నా పెట్టెలోనే ఉంది. దాన్ని న్యాయమూర్తి ముందు పెడితే సరిపోయేది, నిన్ను బోనులో పాడించే పని ఉండేది కాదు. కాని కాగితం మీది మాట నాకు వద్దనిపించింది. నన్ను కాదన్న నోరే నన్ను అవునని, అందరూ వినేలా, తప్పు లేకుండా అనాలి. మూడుసార్లు అంటావని నేను కూడా అనుకోలేదు. అది నువ్వు నాకిచ్చిన కొసరు.

కోర్టు నుంచి వాళ్ళింటికి వెళ్ళాక అబ్బాయి చెప్పులు విప్పకుండానే గుమ్మంలో నిలబడ్డాడు. "అమ్మా, నువ్వు ఆయన చెల్లెలివని నాకు ఏ రోజూ అనుమానం లేదు. కోర్టు చెప్పాలా నాకు?" అన్నాడు. తర్వాత, "ఆయన తన పేరు చూసుకున్నాడు. నువ్వు నీ పేరు చూసుకున్నావు. నా ఉద్యోగం ఎవరిదని ఒక్కళ్ళైనా నన్ను అడిగారా?" అన్నాడు. అన్నం తినమన్నాను. తిన్నాడు. అప్పటి నుంచి నాతో అవసరమున్నంతే మాట్లాడుతున్నాడు. కోడలు ఆపాటి కూడా మాట్లాడదు. నేను వాళ్ళింటికి వెళితే పళ్ళెం ముందు పెట్టి పక్కకు వెళుతుంది. వాళ్ళ కోపం న్యాయమే. అయినా మళ్ళీ ఆ రోజు వస్తే మళ్ళీ అడగమనే అంటాను. బతికినన్నాళ్ళూ మీ ఇంటి నుంచి నేనడిగి తెచ్చుకున్నది ఏదీ లేదు. ఈ ఒక్కటీ లాక్కున్నాను.

వాడికి బస్టాండులో పని దొరికింది. ఏ బస్సు ఎక్కడ ఆగిందో మైకులో చెబుతాడు. ఎత్తవలసిన చోట ఎత్తి, దించవలసిన చోట దించి చెబుతుంటే, జనం వింటూ నిలబడి ఎక్కవలసిన బస్సు వదిలేసుకుంటున్నారట. పై అధికారి పిలిచి, "అంత బాగా చెప్పకయ్యా, కొంచెం మామూలుగా చెప్పు" అన్నాడట. మామూలుగా చెప్పడం వాడికి చేతకావడం లేదు. నువ్వు నేర్పిన చదువు అలాంటిది.

నీకు ఇల్లు పోయిందని తెలిసింది. నా గదిలో ఒక్క మంచమే పడుతుంది, అది నాది. నీ కేసుకు మంచి వకీలు కావాలంటే వేరే కార్యాలయం చూసుకో. నీ తరఫు కాగితాలు మాత్రం టైపు చేయించుకోవడానికి మొహమాటపడకు. తప్పులు లేకుండా కొడతాను.

నిన్న తెల్లవారుతుండగా కోడలికి ఆడపిల్ల పుట్టింది. తల్లీబిడ్డా క్షేమం. నన్ను ఎత్తుకోనిచ్చారు, కాసేపు. మన అమ్మ ముఖం నేను ఎరగను గనుక ఎవరి పోలికో చెప్పలేకపోయాను. నువ్వు ఎరుగుదువు. నువ్వు చూడడానికి రావద్దు.

ఆలయం వాళ్ళు కొత్త ప్రకటన వేశారు. తల్లి వంశం, తండ్రి వంశం అన్న నిబంధన ఎత్తేశారు. ఎవరి పిల్లలో, ఏ ఊళ్ళ వాళ్ళో, ఇప్పటి నుంచే తెల్లవారకముందే లేచి చదువుకుంటూ ఉంటారు. వాళ్ళలో ఒక్కరినీ నేనెరగను. ఎరగను గనుకనే నిండు మనసుతో దీవించగలుగుతున్నాను. ఆ పిల్లలకు దాహమైనప్పుడు నీళ్ళు దొరుకుగాక. బాగా చదివినచోట బాగుందనేవారు ఎదుట ఉందురుగాక. వాళ్ళ కొలువు ఏ పెద్దల పరువు కిందా నలగకుండుగాక. నిన్న పుట్టిన ఈ పసిదానికి, దాని తర్వాత పుట్టబోయేవారికి, నాలాంటి మొండి నాయనమ్మలు మరి లేకుందురుగాక. వాళ్ళ మేనమామలకు పాండిత్యం కొంచెం తక్కువగానూ, ప్రేమ కొంచెం ఎక్కువగానూ ఉండుగాక.